ఉద్యోగం తీసేసిన రోజు నుంచే లెక్క

(తిరుపతిలో కాంట్రాక్టు, ఔట్‌సోర్సింగ్ ఉద్యోగుల సమావేశంలో ఒక న్యాయవాది చేసిన ప్రసంగానికి అక్షరరూపం)

అందరికీ నమస్కారం. చిత్తూరు, పుత్తూరు, శ్రీకాళహస్తి, పలమనేరు నుంచి కూడా వచ్చినారు. ఆదివారం ఒక్కటే ఇంట్లో ఉండే రోజు, అదీ వదులుకొని వచ్చినందుకు దండాలు.

కాంట్రాక్టు ఉద్యోగుల హక్కుల గురించి మాట్లాడమన్నారు నన్ను. ఆ హక్కులేమిటో మీ సంఘాల పెద్దలు నాకంటే బాగా చెప్తారు. ఉన్న హక్కు కూడా చేతికి రాకుండా ఎట్లా పోతుందో, అది నేను చెప్తాను. ఉద్యోగం పోయినాక కోర్టు గడప తొక్కేదానికి మనవాళ్ళు తీసుకునే కాలం గురించే ఈ పూట నా మాటలన్నీ.

నా దగ్గరికి కాగితాలు పట్టుకొని వచ్చేవాళ్ళలో, కేసులో పస లేదని వెనక్కి పంపేది తక్కువ మందిని. కాలం దాటిపోయిందని చెప్పాల్సి వచ్చేదే ఎక్కువ మందికి. నోటీసు లేదు, విచారణ లేదు, అన్యాయం కళ్ళకు కట్టినట్టు కనిపిస్తా ఉంటుంది. కాగితం తిప్పి తేదీ చూస్తాను. ఆ మనిషి మొహం చూసి ఏం చెప్పాలో తోచదు.

ఒక అమ్మాయి సంగతి చెప్తాను. పేరు వద్దు, ఆఫీసు పేరూ వద్దు. డేటా ఎంట్రీ ఆపరేటరు, చాలా ఏళ్ళ సర్వీసు. ఒక మార్చి ఆఖరున రెన్యువల్ లిస్టులో ఆమె పేరు రాలేదు. సూపరింటెండెంటును అడిగితే, "బడ్జెట్ రాలేదమ్మా, వచ్చే నెల చూద్దాం" అన్నాడు. వచ్చే నెల పోతే, "పాత సారు బదిలీ అయినాడు, కొత్త సారు రానీ." కొత్త సారు వచ్చేసరికి ఎన్నికల కోడ్ వచ్చింది. తరువాత ఒక నాయకుడి సిఫారసు లెటరు తెచ్చింది. సోమవారం వస్తే కలెక్టరేట్‌లో అర్జీ. ప్రతి అర్జీకి ఒక నంబరు, ఒక రసీదు, అన్నీ ఫైలులో వరసగా కుట్టిపెట్టుకుంది. ఈ తిరుగుడులో ఉండంగానే ఆమె సీట్లో ఇంకొకర్ని పెట్టినారు. నా దగ్గరికి వచ్చేసరికి మూడేళ్ళు దాటింది.

ఆ అమ్మాయి ఒక్క వారం కూడా ఊరికే కూర్చోలేదు. ఆ ఫైలే సాక్ష్యం. అయినా కోర్టు లెక్కలో మాత్రం మూడేళ్ళూ ఊరికే కూర్చున్నట్టే. మీరు ఈ పూట ఇంకేది మరిచిపోయినా ఈ ఒక్కటి మరిచిపోవద్దు. అర్జీ ఇచ్చినంత మాత్రాన గడువు ఆగదు.

ఇది నా సొంత మాట కాదు. సి. జాకబ్ కేసని సుప్రీంకోర్టు 2008లో తీర్పు చెప్పింది. పక్కన తమిళనాడులో గనుల శాఖలో పనిచేసిన మనిషి. 1982లో ఉద్యోగం పోయింది. దాదాపు పద్దెనిమిదేళ్ళు గడిచినాక అర్జీ పెట్టుకున్నాడు. "అర్జీని పరిశీలించండి" అని ట్రిబ్యునల్ ఆదేశించింది, శాఖ పరిశీలించి కుదరదు అనింది. ఆ కుదరదు అన్న కాగితాన్ని పట్టుకొని మళ్ళీ కేసు. సుప్రీంకోర్టు ఏమనిందంటే, చచ్చిపోయిన హక్కు అర్జీతో బతికి రాదు, ఆ అర్జీకి జవాబు వచ్చినంత మాత్రాన కొత్త తేదీ పుట్టదు అని. 2009లో ఎం.కె. సర్కార్ కేసులో కూడా ఇదే మాట. అంతకుముందే ఎస్.ఎస్. రాథోర్ కేసులో ఏడుగురు న్యాయమూర్తుల ధర్మాసనం చెప్పింది, సర్వీసు రూల్సులో అప్పీలు అని ఉంటే ఆ అప్పీలు తీర్పు నుంచి గడువు లెక్క పెడతాం గానీ, రూల్సులో లేని అర్జీలు ఎన్ని పెట్టినా అవి లెక్కలోకి రావు అని.

కొంతమంది మా వకీళ్ళే "ముందు అర్జీ పరిశీలించమని ఒక ఆర్డరు తెచ్చుకుందాం, తరువాత చూద్దాం" అంటారు. ఉద్యోగం పోయి రెండు నెలలే అయింటే అదొక దారి. నాలుగేళ్ళు అయినాక ఆ ఆర్డరు తెచ్చుకొని సంబరపడితే, అది చేతిలో మిగిలే కాగితమే, ఇంకేం లేదు.

ఈ ఆలస్యం ఎక్కడ నుంచి వస్తుందో మీకు తెలుసు, నాకూ తెలుసు. "కోర్టుకి పోతే మళ్ళీ తీసుకోరు" అనే భయం. "నీ మీద మంచి అభిప్రాయం ఉంది, కేసు గీసు పెట్టుకొని చెడగొట్టుకోవద్దు" అని ఆఫీసులోనే ఎవరో ఒకరు చెవిలో చెప్తారు. ఆ చెప్పినాయన నిజంగా మన మంచి కోరే చెప్పి ఉండొచ్చు. ఐనా ఆ మాట విని ఆగిపోయిన ప్రతి నెలా అవతలి పక్షానికి కలిసొచ్చే నెలే. నేనైతే ఇట్లా అంటాను. నిజంగా తీసుకునే ఉద్దేశం ఉంటే, కేసు వేసినా తీసుకుంటారు. కేసు పెండింగులో ఉండంగా రాజీ పడి మళ్ళీ ఉద్యోగంలో చేరినవాళ్ళు ఉన్నారు. కేసు వేయకుండా ఆశతో కూర్చున్నవాళ్ళని పిలిచి ఉద్యోగం ఇచ్చింది నేను పెద్దగా చూడలేదు.

రెండో కారణం దూరం, ఖర్చు. హైకోర్టు అమరావతిలో ఉంది. లేబర్ కోర్టు అంటే మన ప్రాంతం వాళ్ళకి ఎన్నో ఏళ్ళుగా అనంతపురం. జీతం ఆగిపోయిన ఇంట్లో ఆ బస్సు ఛార్జీ కూడా బరువే. ఇది నిజమైన కష్టం, కాదనను. దీనికొక దారి ఉంది. 1987 న్యాయసేవల చట్టం కింద ఆడవాళ్ళకి, ఎస్సీ, ఎస్టీలకి, దివ్యాంగులకి, పారిశ్రామిక కార్మికులకి ఆదాయంతో పనిలేకుండా ఉచితంగా వకీలును పెడతారు. 15100 అనే నంబరుకి ఫోన్ చేయండి, లేదా కోర్టు ఆవరణలో ఉండే న్యాయసేవల సంస్థ ఆఫీసుకి పోండి. హైకోర్టులో వేయాల్సిన కేసుకి కూడా అడగొచ్చు. ఈ ఒక్క సంగతి తెలియక ఆగిపోయిన ఆడబిడ్డలు ఎంతమందో.

ఇంక గడువుల సంగతి. మీరు యాడ పనిచేసినారు, ఏం పని చేసినారు అనేదాన్ని బట్టి మూడు దారులు ఉన్నాయి.

ప్రభుత్వ శాఖ, విశ్వవిద్యాలయం, దేవస్థానం, మున్సిపాలిటీ, ఇట్లాంటి వాటిలో పనిచేసినవాళ్ళకి హైకోర్టులో రిట్ పిటిషన్ దారి ఉంటుంది, అంటే ప్రభుత్వం చేసిన తప్పును సరిదిద్దమని నేరుగా హైకోర్టునే అడగడం. దానికి ఆధారమైన రాజ్యాంగం 226 అధికరణంలో ఇన్ని రోజుల్లో రావాల అని గడువు రాసి లేదు. రాసి లేదు గదా అని ధీమాగా ఉన్నవాళ్ళే ఎక్కువ నష్టపోయినారు. 1964లోనే భాయిలాల్ భాయ్ కేసులో సుప్రీంకోర్టు, సివిల్ దావాకుండే మూడేళ్ళని ఒక కొలతగా చూడొచ్చు అనింది. 1974లో సదాశివస్వామి కేసులో, అది ప్రమోషన్ తగాదా, ఆరు నెలలు, మహా అంటే ఏడాదిలోపల రావాల అనింది. కాబట్టి రెండున్నరేళ్ళకి పోయినా "ఎందుకు ఆలస్యం" అని అడిగే హక్కు జడ్జి గారికి ఉంది. నన్నడిగితే మూడు నెలలు దాటనీయొద్దు. మొదటి నెలలోనే పోతే ఇంకా మంచిది, ఎందుకో ఇప్పుడు చెప్తాను.

కాంట్రాక్టు ఉద్యోగికి పర్మనెంట్ హక్కు లేదని 2006లో ఉమాదేవి తీర్పు చెప్పింది, మనందరం విన్నాం. కానీ 1992లో పియారా సింగ్ కేసులో చెప్పిన ఇంకో మాట కూడా చెక్కుచెదరకుండా ఉంది. ఒక తాత్కాలిక ఉద్యోగిని తీసేసి ఆ జాగాలో ఇంకో తాత్కాలిక ఉద్యోగిని పెట్టకూడదు, రెగ్యులర్ నియామకం జరిగితేనే ఈయన పోవాల. కాంట్రాక్టు ఉద్యోగి చేతిలో ఉన్న మంచి ఆయుధాల్లో ఇదొకటి. ఐతే దీన్ని వాడాల్సింది ఆ ఇంకో మనిషి వచ్చి కూర్చోకముందు. అప్పుడు పోతే స్టే అడగొచ్చు, యథాతథ స్థితి అడగొచ్చు. కొత్త మనిషి చేరి ఏడాది జీతం తీసుకున్నాక, ఆయనకీ ఒక సంసారం ఉంటుంది, ఆయన్ని కూడా కేసులో పార్టీగా చేర్చాల, కోర్టు ఆయన పక్క కూడా చూస్తుంది. అప్పుడు రెండు పేద కుటుంబాల మధ్య తగువైపోతుంది అది.

రెండో దారి లేబర్ కోర్టు. ఫ్యాక్టరీ, ఆసుపత్రి, సెక్యూరిటీ, పారిశుధ్యం, డ్రైవర్లు, చట్టం దృష్టిలో కార్మికులు అయినవాళ్ళందరికీ. 1947 పారిశ్రామిక వివాదాల చట్టానికి 2010లో సవరణ తెచ్చి, ఒంటరిగా తీసేసిన కార్మికుడు మొదట కన్సిలియేషన్ అధికారికి, అంటే కార్మిక శాఖలో రాజీ కుదిర్చే అధికారికి, దరఖాస్తు పెట్టి, 45 రోజులు చూసి, నేరుగా కోర్టుకి పోవచ్చు అన్నారు. మన ఆంధ్రప్రదేశ్‌లో రాష్ట్ర సవరణ ద్వారా ఈ నేరు దారి 1987 నుంచే ఉంది. 2010 సవరణలో తీసేసిన తేదీ నుంచి మూడేళ్ళు గడువు పెట్టినారు. 2025 నవంబరు 21 నుంచి ఆ చట్టం జాగాలో పారిశ్రామిక సంబంధాల కోడ్ అమల్లోకి వచ్చింది, అందులో దాన్ని రెండేళ్ళకి తగ్గించినారు. పాత మూడేళ్ళ మాటే నెత్తిలో పెట్టుకొని ఉన్నవాళ్ళు ఈ మార్పు జాగ్రత్తగా గమనించండి. నాకు ఈ తగ్గింపు నచ్చలేదు, బహిరంగంగానే చెప్తా ఉన్నాను. జీతం లేని మనిషి నిలదొక్కుకొని వకీలు దాకా రావడానికే ఏడాది పడుతుంది. కానీ చట్టం అట్లా ఉంది, మనం దాని ప్రకారం కదలాల.

ఇక్కడ టీచర్లు, లెక్చరర్లు చాలామంది కనిపిస్తా ఉన్నారు. తిరుపతి చదువుల ఊరు గదా. అయ్యా, అమ్మా, మీరు లేబర్ కోర్టుకి పోవద్దు. పాఠం చెప్పేవాళ్ళు ఆ చట్టంలో కార్మికులు కారని 1988లోనే సుందరాంబాళ్ కేసులో తేల్చేసినారు. అదే కాలేజీలో పనిచేసే అటెండరు, బస్సు డ్రైవరు, ల్యాబ్ అసిస్టెంటు పోవచ్చు. తెలియక తప్పు కోర్టులో రెండేళ్ళు పోగొట్టుకున్నవాళ్ళకి, మంచి నమ్మకంతో తిరిగిన ఆ కాలాన్ని లెక్కలోనుంచి తీసేయమని అడిగే వీలు ఉంది. కానీ అది కోర్టు ఒప్పుకుంటేనే.

మూడోది సివిల్ దావా. దానికి మూడేళ్ళు. తీసేసిన ఆర్డరు చట్టప్రకారం చెల్లనే చెల్లదు కాబట్టి ఎప్పుడైనా పోవచ్చు అని కొందరు అనుకుంటారు. 1991లో గురుదేవ్ సింగ్ కేసులో ఆ వాదన కొట్టేసినారు. చెల్లని ఆర్డరైనా, అది చెల్లదని చెప్పించుకునేదానికి గడువులోపలే రావాల.

ఇంకొక అపోహ. "నాకు ప్రతి నెలా జీతం నష్టం వస్తా ఉంది గదా, ప్రతి నెలా కొత్త అన్యాయమే గదా" అంటారు. పెన్షన్ తక్కువగా కట్టినారనుకోండి, అది ప్రతి నెలా జరిగే తప్పు. 2008లో తర్సేమ్ సింగ్ కేసులో ఎన్నో ఏళ్ళ ఆలస్యం ఉన్నా పెన్షన్ ఇచ్చినారు, బకాయి మాత్రం మూడేళ్ళకే కుదించినారు. ఉద్యోగంలోనుంచి తీసేయడం అట్లా కాదు. అది ఒక రోజు జరిగి అయిపోయిన పని. దాని బాధ నెలనెలా ఉంటుంది, దాని తేదీ ఒక్కటే.

సుప్రీంకోర్టు ఆలస్యం మీద చాలా గట్టి మాటలు వాడింది. 2014లో చెన్నై నీటి బోర్డు ఇంజనీరు మురళిబాబు కేసులో, నాలుగేళ్ళు ఆగి వచ్చినందుకు, కుంభకర్ణుడితో పోటీపడేవాళ్ళకి కోర్టు సాయం చేయదు అని రాసినారు. ఆ మాట చదివిన ప్రతిసారీ నాకు గుండెలో కలుక్కుమంటుంది. ఆ కేసులో ఆ మాట తగిందే కావచ్చు. మన సెక్యూరిటీ గార్డుకి, మన అంగన్‌వాడీ ఆయమ్మకి అది తగదు. ఉద్యోగం పోయినాక వీళ్ళకి నిద్రే పట్టదు. అట్లా తెల్లవార్లూ మేలుకున్నది కోర్టు రికార్డులోకి ఎక్కదు, ఎక్కేది తేదీలే. అందుకే ఇంత చెప్పుకోవాల్సి వస్తా ఉంది.

లేబర్ కోర్టుల దగ్గర కొంత దయ ఉంది. 1999లో అజైబ్ సింగ్ అనే పంజాబ్ కార్మికుడి కేసులో, ఏడేళ్ళు ఆలస్యమైనా, ఆలస్యం ఒక్కటే చూసి తలుపు మూయకూడదు, కావాలంటే ఆ ఆలస్యం కాలానికి జీతం తగ్గించండి అనింది సుప్రీంకోర్టు. మరుసటి ఏడే నెడుంగాడి బ్యాంకు కేసులో అదే ఏడేళ్ళ ఆలస్యానికి, ఆ వివాదం చల్లారిపోయింది పొమ్మనింది. 2015లో మన పక్క కర్ణాటక పట్టు పరిశ్రమ శాఖ ఉద్యోగి ప్రభాకర్ కేసు. 1985లో తీసేసినారు, పద్నాలుగేళ్ళకి వచ్చినాడు. అన్నేళ్ళు కదలకపోతే వివాదం బతికి ఉన్నట్టు కాదు అన్నారు. అజైబ్ సింగ్‌దీ, నెడుంగాడి బ్యాంకు ఉద్యోగిదీ ఒకే ఏడేళ్ళు, ఒకరికి తలుపు తెరుచుకుంది, ఒకరికి మూసుకుంది. మీ కేసుని అట్లా అదృష్టానికి వదిలేయొద్దు.

మీలో ఎవరో అడుగుతారు, కోర్టులు ఇరవై ఏళ్ళు చేస్తే తప్పు లేదు గానీ మేం రెండేళ్ళు చేస్తే తప్పా అని. న్యాయమైన ప్రశ్న. 2025 జనవరిలో సుప్రీంకోర్టు తీర్పు ఒకటి వచ్చింది, ఘాజియాబాద్ నగరపాలక సంస్థ తోటమాలుల కేసు. వాళ్ళని 2005లో నోటిమాటతో తీసేసినారు. 2025లో మళ్ళీ ఉద్యోగంలోకి తీసుకోండి, వెనక జీతంలో సగం ఇవ్వండి అని తీర్పు. ఇరవై ఏళ్ళు! ఆ ఇరవై ఏళ్ళ ఆలస్యం చూసి తోటమాలులను కోర్టు వెళ్ళగొట్టలేదు, ఎందుకంటే వాళ్ళు తీసేయక ముందే, 2004లోనే, వివాదం లేవనెత్తి రికార్డులో ఉన్నారు. కేసు లోపల జరిగే ఆలస్యం మన హక్కుని చంపదు. కేసు బయట ఉండి చేసే ఆలస్యం చంపుతుంది.

ఆలస్యంతో సాక్ష్యం కూడా పోతుంది. నోటిమాటగా "రేపటి నుంచి రావద్దు" అని పంపిస్తారు. రెండేళ్ళు పోయినాక కేసు వేస్తే అవతలివాళ్ళు, "మేం తీసేయలేదు, ఆయనే రావడం మానేసినాడు" అంటారు. తీసేయకముందు ఏడాదిలో 240 రోజులు పనిచేసినట్టు రుజువు చేసే బాధ్యత మొదట కార్మికుడిదే అని 2002లో హదిమనీ కేసులో చెప్పినారు. ఒట్టి అఫిడవిట్ సరిపోదు. అప్పటికి హాజరు రిజిస్టరు యాడుందో, బయోమెట్రిక్ డేటా ఉందో లేదో. ఏజెన్సీ మారిపోయింటుంది. మీతో పనిచేసినవాళ్ళు సాక్ష్యానికి రావాలంటే భయపడతారు.

అందుకని గేటు దగ్గర ఆపేసిన రోజే, లేదా మరునాడే, ఒక తెల్లకాగితం మీద రాయండి: ఫలానా తేదీన, ఫలానా టైముకి డ్యూటీకి వచ్చినాను, ఫలానా వారు రానీయలేదు, నేను పనికి సిద్ధంగా ఉన్నాను. ఆఫీసుకీ ఏజెన్సీకీ ఇద్దరికీ స్పీడ్ పోస్టులో పంపి రసీదు దాచుకోండి. మెయిల్ ఉంటే మెయిల్, వాట్సాప్‌లో కూడా. పీఎఫ్ పాస్‌బుక్, బ్యాంకు స్టేట్‌మెంట్, ఐడీ కార్డు రెండు వైపులా ఫోటో, డ్యూటీ చార్టు. ఆర్డరు కాపీ ఇవ్వకపోతే ప్రభుత్వ ఆఫీసైతే సమాచార హక్కు కింద అడగండి, 30 రోజుల్లో ఇవ్వాల. కానీ ఆ కాపీ వచ్చేదాకా కేసు ఆపొద్దు. ఆర్డరు ఇవ్వలేదు అనేదే కేసులో ఒక అంశం అవుతుంది. అర్జీ పెట్టాలనుకుంటే పెట్టండి, ఒకటి, అంతే. దాని మీద జవాబుకి ఒక నెల చూడండి. నెల రోజులకి వకీలు దగ్గర ఉండాల.

ఇప్పటికే ఆలస్యమైనవాళ్ళు దాచిపెట్టొద్దు. కొందరు "ఆర్డరు మొన్ననే తెలిసింది సార్ అని రాద్దాం" అంటారు. అవతలివాళ్ళు మీరు సంతకం పెట్టిన రిజిస్టరు చూపిస్తే ఆలస్యంతో పాటు నమ్మకమూ పోతుంది. నిజం కారణం తేదీలతో రాయాల. ఆపరేషన్ అయింటే డిశ్చార్జి సమ్మరీ పెట్టండి. బిడ్డకి జబ్బు చేసింటే ఆ కాగితాలు. కరోనా కాలం అడ్డంగా వచ్చింటే, 2020 మార్చి 15 నుంచి 2022 ఫిబ్రవరి 28 దాకా గడువు లెక్కల్లోనుంచి సుప్రీంకోర్టే తీసేసింది, అదీ చూసుకోండి. వెనక జీతం వద్దు, ఉద్యోగం, సర్వీసు కొనసాగింపు ఇస్తే చాలు అని మీ అంతట మీరే తగ్గి అడిగితే, కోర్టు మెత్తబడే అవకాశం ఎక్కువ.

(సభలో నుంచి ఒక ప్రశ్న: "సార్, మా ఇంటాయన సెక్యూరిటీలో పదకొండేళ్ళు చేసినాడు. నాలుగేళ్ళయింది తీసేసి. ఏ కేసూ వేయలేదు. ఇంక ఏమీ లేదా మాకు?")

అమ్మా, ఉద్యోగం తిరిగి రావడం కష్టం, నీకు అబద్ధం చెప్పను. కానీ ఏమీ లేదని వెళ్ళిపోవద్దు. పదకొండేళ్ళూ ఒకే ఏజెన్సీ కింద చేసినాడా, మారినాడా? ఒకే యజమాని కింద ఐదేళ్ళు నిండింటే గ్రాట్యుటీ వస్తుంది, ఏడాదికి 15 రోజుల జీతం లెక్క, నెలని 26 రోజులుగా తీసుకొని. తీసేసిన 30 రోజుల్లో వాళ్ళంతట వాళ్ళే కట్టాల్సింది, కట్టలేదు కాబట్టి వడ్డీ కూడా అడగొచ్చు. దాని దరఖాస్తు ఆలస్యమైనంత మాత్రాన ఆ హక్కు పోదు. పీఎఫ్ డబ్బు యాడికీ పోదు, అది ఆయన ఖాతాలోనే ఉంటుంది. పదేళ్ళు సభ్యత్వం దాటింటే పెన్షన్ అర్హత కూడా చూడాల. ఆయన యూఏఎన్, అంటే పీఎఫ్ ఖాతా నంబరు, పాత జీతం స్లిప్పు ఏదైనా ఒకటి, ఆధార్ తీసుకొని రేపు సాయంత్రం రా. ఆయన్ని కూడా తీసుకొని రా అమ్మా, సంతకాలు ఆయనే పెట్టాల.